పడవలో అనకూడని మాట

రారోతోంగా, ఆసుపత్రి గుట్ట
ఫిబ్రవరి

తెపాయేరు అక్కకి,

నేనింకా బతికే ఉన్నాను, చర్చిలో నా పేరు మీద ఏడుపులు ఆపించు. ఎడమ పాదం మాత్రం పోయింది. చక్కెర జబ్బు దాన్ని తినేసిందట, మిగతా కాలు తినకముందే డాక్టరమ్మ కోసేసింది. పోస్టాఫీసు రేడియోలో నువ్వు అరిచిన అరుపులో నాకు సగం కూడా వినబడలేదు. చెవిటివాడి ముందు శంఖం ఊదడం ఎందుకు? ఉత్తరాలు రాసుకుందాం. నీ కోడి గీతలు చదవడం నాకు చిన్నప్పటి నుంచీ అలవాటే.

కిటికీలోంచి ఒక మామిడి చెట్టు కనబడుతుంది. దాని నిండా గోరింకలు. ఈ పెద్ద దీవిలో గోరింక తప్ప పక్షే లేదనిపిస్తుంది నాకు. పొద్దంతా సంతలో ఆడవాళ్ళలా పోట్లాడుకుంటాయి. కళ్ళు మూసుకుంటే మన తవాకే దీవి కనిపిస్తుంది. మనిషి కాపురం ఉండలేని ఆ ఇసుక చెక్క మీద నాకెందుకింత పిచ్చి అని నువ్వు ఎన్నోసార్లు తిట్టావు. ఏం చెయ్యను, నాన్న దాన్ని నాకప్పగించాడు. అక్కడ మంచినీళ్ళు లేవు, నీడ తక్కువ, దిగడానికి పగడపు గట్టులో పడవ పట్టేంత సందొకటే. అయినా తెల్ల కాకయియా పిట్ట కొమ్మ మీద గూడు కట్టకుండా ఉత్త గుడ్డు నిలబెట్టి కూర్చుంటుంది చూడు, అది గుర్తొస్తే ఈ మంచం మీద కూడా నవ్వొస్తుంది.

అసలు విషయానికి వస్తాను. డాక్టరమ్మ నాతో కాలి గురించి మాట్లాడటం మానేసి వానల గురించి మాట్లాడుతోంది. నాకు అర్థమైంది. నా టోపీకి రెండు ఎర్ర ఈకలు కావాలి అక్కా. దీవి కాపరి ఉత్త టోపీతో మట్టిలోకి పోకూడదు. నాన్నకి నేనే తెచ్చాను, నీకు గుర్తుందిగా. రాలిన ఈకలు పనికిరావు. గుడ్డు మీద కూర్చున్న తవాకే పిట్ట తోకలోంచే తియ్యాలి. అది లేవదు, మొండిది. దాని కళ్ళ మీద గుడ్డ కప్పి, తోక పొడుగు ఈకలు రెండూ మెల్లగా లాగి, దండం పెట్టి వచ్చెయ్యాలి. కొన్నాళ్ళకి దానికి మళ్ళీ మొలుస్తాయి. కాపరి పోయినా ఇంకో కాపరి మొలుస్తాడని నాన్న అనేవాడు.

కాపరి లేని పడవ ఆ దీవికి పోకూడదు, తెలుసు. అందుకని మేకుకి తగిలించిన నా టోపీ తీసి పడవ ముందు భాగంలో పెట్టుకుని వెళ్ళండి. అదే నేననుకోండి. పడవలో నోళ్ళు జాగ్రత్త. మూటలు కొరికే ఆ పొడుగు తోకదాని పేరు ఎవరూ ఎత్తొద్దు. ఇంటి దగ్గర ఎంతైనా తిట్టుకోండి, పడవ ఎక్కాక మాత్రం వద్దు.

నీ తమ్ముడు,
తమారువా


ఎనువాయితి
మార్చి

తమ్ముడూ,

నీ ఉత్తరం చదివి రెండు రోజులు నీ మీద కోపంగా ఉన్నాను. పాదం పోయిన సంగతి పక్కింటివాళ్ళ కోడిపిల్ల పోయినట్టు రాశావు. ఇంకో కాలు జాగ్రత్తగా ఉంచుకో. పాయసాలు మాను. అక్కడ మన చుట్టాలు నీకు దొంగతనంగా తీపి పెడుతున్నారని తెలిసింది, వాళ్ళకి నేను వేరే రాస్తాను.

దీవికి వెళ్ళొచ్చాం. నువ్వు చెప్పినట్టే నీ టోపీ ముందు పెట్టాం. నా కొడుకు తువానే పడవ నడిపాడు, డీకన్ ఇతిమేరా పెద్దాయన ప్రార్థన చేశాడు, కుర్రాళ్ళు నలుగురు. ఆడవాళ్ళం ఇద్దరమే, నేనూ నా కోడలు అకాయితీ. దీవి మీది వాన గుడిసె కప్పు ఊడిపోయిందని మొగలాకు మూటలు కట్టుకెళ్ళాం. సముద్రం నూనె పోసినట్టు ఉంది, గాలే లేదు.

నీ బిడ్డలు క్షేమం. పొదల కింద తవాకేలు గుమ్మాల్లో ముసలమ్మల్లా కూర్చున్నాయి. దగ్గరికెళ్తే గీమని తిడతాయి, లేవవు. పైన కొన్ని గాల్లో వెనక్కి ఎగురుతూ పెళ్ళి వేషాలు వేస్తున్నాయి. సన్యాసి పీతలు నా అన్నం డబ్బా చుట్టూ చేరాయి. పెద్ద కొబ్బరి పీత ఒకటి ఇతిమేరా పెద్దాయన చెప్పు ఎత్తుకుపోయింది. ఆయన దాని వెనకాల ఒంటి చెప్పుతో పరిగెత్తాడు. ఎంత నవ్వామో!

ఈకలు మాత్రం తేలేదు. దినం బాగోలేదన్నారు. ఇంకోసారి తెస్తాను, తొందరేముంది?

అకాయితి సంగతి నీకు రాయాలి. తోంగారేవా దీవి నుంచి వచ్చిన పిల్ల, మన ఊరి పద్ధతులు ఒక్కటీ తెలియవు. ఊరంతా ఒక దారి, ఉలిపికట్టెది ఒక దారి. మాట్లాడమంటే మాట్లాడదు, మాట్లాడకూడని చోట నోరు తెరుస్తుంది. తువానే ఏం చూసి కట్టుకున్నాడో!

ఎండు చేపలు, కాల్చిన రొట్టె పండు పంపుతున్నాను. ఉప్పు తక్కువే వేశాను.

తెపాయేరు


రారోతోంగా
ఏప్రిల్

అక్కకి,

చేపలు అందాయి. నర్సులు సగం తిన్నారు. పాయసం గురించి నీకు చెప్పినవాడి నోట్లో మన్ను పడ.

నీ ఉత్తరం వెయ్యిసార్లు చదివాను. చెప్పు ఎత్తుకుపోయిన పీత పొదల దక్షిణం వైపు ఉండేదే అయ్యుంటుంది, దానికో గోరు చిన్నది. నా కత్తి కూడా ఓసారి అదే లాక్కుపోయింది. నువ్వు రాసింది చదువుతుంటే రెట్ట వాసన కూడా వచ్చింది నాకు. ఆ వాసన కోసం ఇక్కడ ప్రాణం కొట్టుకుంటోందంటే నువ్వు నవ్వుతావు.

కానీ ఒక్కటి అర్థం కాలేదు. సముద్రం నూనె పోసినట్టు ఉందన్నావు, గాలి లేదన్నావు, తల్లులు గుడ్ల మీద కూర్చున్నాయన్నావు. అలాంటప్పుడు దినం బాగోకపోవడమేమిటి? అంతకంటే మంచి దినం నేను నా జన్మలో చూడలేదు. దినం బాగోలేదని ఎవరన్నారు, ఎందుకన్నారు?

ఇంకోటి. మొగలాకు మూటలు పడవెక్కించే ముందు ఒడ్డున ఇసుకలో విప్పి దులిపారా? నేనుంటే కర్రతో బాదించేవాణ్ణి. నువ్వు దాన్ని నా చాదస్తం అనేదానివి.

మోకాలి దాకా తీస్తారట. దాని గురించి రాయబుద్ధి కావడం లేదు.

తమారువా


ఎనువాయితి
జూన్

తమ్ముడూ,

మోకాలు తీసేశారని రేడియోలో విన్నాను. చాలాసేపు పోస్టాఫీసు మెట్ల మీదే కూర్చుండిపోయాను. నీతోపాటు కొబ్బరి చెట్లెక్కి పెరిగినదాన్ని. నువ్వు నాకంటే ముందు పైకి చేరి నా నెత్తిన ఆకులు విసిరేవాడివి. నేనేం రాయను?

నువ్వు అడిగావు కాబట్టి చెబుతున్నాను, మనసు పాడు చేసుకోకు. ఆ రోజు సగం దారిలో అకాయితి పడవలో ఆ మాట అంది. "ఎలుక! ఎలుక!" అని రెండుసార్లు. గావుకేక. మొగలాకు మూట వైపు చెయ్యి చూపిస్తోంది. కుర్రాళ్ళు నిర్ఘాంతపోయారు. ఎవరో దాని నోరు మూశారు. ఇతిమేరా పెద్దాయన వెంటనే కీర్తన అందుకున్నాడు, అందరం పాడాం, ఆ మాట గాల్లోంచి తుడుచుకుపోయేలా గొంతు చించుకుని పాడాం. ఆ మాట పడిన రోజు ఈక పీకితే అరిష్టమన్నాడు ఆయన. అందుకని మూటలు గుడిసె దగ్గర దింపేసి, అన్నాలు తిని వచ్చేశాం.

ఇంటికొచ్చాక దాన్ని నిలదీశాను.

"ఏమే, పడవలో ఆ పేరు ఎత్తకూడదని నీకు చెప్పలేదా?"

"చెప్పారు అత్తయ్యా."

"మరి ఎందుకు అఘోరించావు?"

"కనబడింది కాబట్టి అన్నాను. కనబడకపోతే ఎందుకంటాను?"

చూశావా ఆ పొగరు? అప్పటి నుంచి ఊళ్ళో దానితో ఎవరూ సరిగ్గా మాట్లాడటం లేదు. నేను కూడా పెద్దగా మాట్లాడటం లేదు.

నువ్వు కుదుటపడు. ఈకల సంగతి నేను చూసుకుంటాను.

తెపాయేరు


రారోతోంగా
జూన్

అక్కా,

ఈ విమానంలోనే జవాబు పంపుతున్నాను, ఇంకేమీ రాయను. ఆ పిల్ల ఆ మాట అన్నాక మీరు సరిగ్గా ఏం చేశారు? పడవ ముందుకే పోయిందా? మూటలు అలాగే దింపారా? ఎవరైనా విప్పి చూశారా? ఈ ఒక్క ముక్కా రాయి. వచ్చే విమానానికే రాయి.

తమారువా


ఎనువాయితి
సెప్టెంబర్

తమ్ముడూ,

నీ చిన్న ఉత్తరం అందిన వారమే దీవికి వెళ్ళొచ్చాను. తరవాత ఇన్నాళ్ళూ జవాబు రాయలేదు. ఎన్నోసార్లు కలం పట్టుకున్నాను, ఏ మొహం పెట్టుకుని రాయను?

పడవ ముందుకే పోయింది. మూటలు అలాగే దింపాం. ఎవరూ విప్పి చూడలేదు.

దగ్గరికెళ్తుండగానే తెలిసింది నాకు. ఎప్పుడూ మైలు దూరం నుంచే వాటి అరుపులు చెవులు గింగుర్లెత్తించేవి. ఆ రోజు పగడపు గట్టు మీద అల చప్పుడు తప్ప ఏమీ వినబడలేదు. దిగాక మొదట చూసింది కాకయియా గుడ్లు. కొమ్మల కింద పడి ఉన్నాయి, పక్కన చిన్న చిల్లు పెట్టి లోపల నాకేసిన ఉత్త డొల్లలు. తరవాత పొదల కిందకి వంగాను.

తల్లులు లేవలేదు తమ్ముడూ. నువ్వు రాశావే, మొండివని, లేవవని. వెనక నుంచి కొరుకుతున్నా గుడ్డు మీంచి లేవలేదు. కొన్ని ఎముకలే మిగిలాయి, ఎర్ర ఈకలు పక్కన పడున్నాయి. ఒకటి బతికుంది. నన్ను చూసి గీమని తిట్టింది, వీపంతా పచ్చి పుండు. నేను దాని దగ్గర కూర్చుని చిన్నపిల్లలా ఏడ్చాను. తువానే నన్ను లేవదీసి పడవలో కూర్చోబెట్టాడు.

ఆ రోజు మూటలో వెళ్ళింది కడుపుతో ఉన్నదయ్యుంటుంది. ఇప్పుడు దాని సంతానమంతా పట్టపగలే గుడిసె చుట్టూ తిరుగుతోంది. నీ చిన్న గోరు పీత ఉందే, దాని గోళ్ళ మధ్య ఎలుక తోక ఒకటి వేలాడుతూ కనిపించింది. ఆ దీవి మొత్తానికి దానికొక్కదానికే బుద్ధున్నట్టుంది.

కింద రాలిన ఎర్ర ఈకలు గుప్పెడు దొరికాయి. నేను తీసుకోలేదు. రాలినవి పనికిరావన్నావు కదా.

ఊరి పెద్దలు కూర్చున్నారు. పేరెత్తి పిలిచింది కాబట్టే అది వచ్చిందని తేల్చారు. ఓడ వచ్చినప్పుడు అకాయితిని దానిలో ఎక్కించి తోంగారేవాకి పంపేస్తారట. తువానే కావాలంటే వెంట వెళ్ళొచ్చు, లేదంటే ఉండొచ్చు. నా ఇంటికి కాపరితనం రాదని కూడా ఇతిమేరా పెద్దాయన అన్నాడు. తల దించుకుని విన్నాను.

నీకు చెప్పకూడదని ప్రమాణం చేసుకున్నాను. ఇవాళ నా వల్ల కాలేదు.

తెపాయేరు


రారోతోంగా
అక్టోబర్

అక్కా,

నీ ఉత్తరం చదివాక గోడ వైపు తిరిగి పడుకున్నాను. నర్సులు కాలు నొప్పి అనుకుని సూది వేశారు. వెయ్యనిచ్చాను.

ఇప్పుడు కుదురుగా కూర్చుని రాస్తున్నాను, నువ్వూ కుదురుగా చదువు. నాన్న నన్ను కాపరిని చేసిన రోజు చెవిలో ఒక మాట చెప్పాడు. చెవిలో చెప్పాల్సిన దాన్ని కాగితం మీద పెడుతున్నందుకు ఆయన నన్ను క్షమించాలి.

పడవలో ఎలుక పేరు ఎత్తకూడదన్నది సగం మాట. ఊరందరికీ తెలిసింది ఆ సగమే. రెండో సగం కాపరికి మాత్రమే చెబుతారు. ఆ పేరు ఎవరి నోట వచ్చినా సరే, చంటిపిల్ల అన్నా, తాగుబోతు అన్నా, వేళాకోళానికి అన్నా, పడవ తిప్పాలి. వెనక్కొచ్చి మూటలన్నీ ఇసుకలో విప్పాలి. అలా విప్పకుండా మళ్ళీ కదలకూడదు. ఎవడైనా ఎగతాళికి అంటే ఆ రోజు ప్రయాణం పాడైందని వాణ్ణి తన్నొచ్చు, కానీ తిప్పకుండా ఉండకూడదు.

అనొద్దన్నది ఎందుకో ఇప్పుడు అర్థమైందా? ఊరికే వాగుతుంటే ఎవరూ పట్టించుకోరని. చర్చి గంటని పిల్లల్ని మోగించనివ్వం కదా, మోగిందంటే ఏదో జరిగిందని అందరూ పరిగెత్తి రావాలని. ఈ మాటా అంతే. అది శాపం కాదు. ఆ పిల్ల గంట కొట్టింది. మీరు కీర్తన పాడారు.

రెండో సగం ఊరికి ఎందుకు చెప్పలేదంటావేమో. కాపరి లేని పడవ పోదు కాబట్టి, పడవలో కాపరి ఎప్పుడూ ఉంటాడు కాబట్టి. ఈసారి నేను టోపీని పంపాను. టోపీకి నోరు లేదు. చచ్చేముందు నెత్తి మీద రెండు ఈకలు కావాలన్న నా సరదాకి దీవి మొత్తం బలైంది. ఇది నేను మోసుకుపోతాను, నువ్వు అడ్డం రాకు.

ఇంకొకటి. ఎవరో దాని నోరు మూశారని రాశావు. ఆ పడవలో ఆడవాళ్ళు కూర్చునేది వెనక బల్ల మీద. మగవాళ్ళెవరూ అక్కడికి రారు. ఆ రోజు ఆడవాళ్ళం ఇద్దరమేనని మార్చిలో నువ్వే రాశావు. ఆ ఎవరో ఎవరన్నది నేను నిన్ను అడగను అక్కా.

కాపరిని ఎన్నుకునే హక్కు ఇంకా నాదే. తువానే మంచివాడు, కానీ వాడు కీర్తన పాడాడు. పడవలో ఉన్న అందరిలోకీ కాపరి పని చేసింది ఒక్కతే. తవాకే దీవిని అకాయితికి అప్పగిస్తున్నాను. ఈ ఉత్తరం అందరి ముందూ చదువు. ఓడ రాకముందే చదువు. మొత్తం చదువు, ఏమీ వదలకు.

తమారువా


ఎనువాయితి
నవంబర్

తమ్ముడూ,

ముందు నిన్ను తిట్టాలి, తరవాత మిగతాది. నన్ను నలుగురిలో నిలబెట్టడానికి నీకు నోరెలా వచ్చింది? నిన్ను చంకనెత్తుకు పెంచాను. జ్వరమొస్తే నీకు కొబ్బరి పాలు నోట్లో పోశాను. ఇన్నేళ్ళకి నా కొడుకుని కాదని నా కోడల్ని కాపరిని చేసి, ఆ మాట నా నోటితోనే చదవమంటావా? ఆ ఎవరో ఎవరన్నది అడగనంటూనే నలుగురి ముందూ అడిగించావు కదరా!

నీ ఉత్తరాన్ని బైబిల్లో పెట్టి ఆదివారాలు గడిపేశాను. చర్చికి పోతున్నాను, వస్తున్నాను. బైబిల్ తెరిచినప్పుడల్లా అది జారి ఒళ్ళో పడుతోంది. అకాయితి ఇంట్లో పని చేసుకుంటూనే ఉంది, ఎవర్నీ ఒక్క మాట అనలేదు. తన పెట్టె తనే సర్దుకుంది. పెట్టెకి తాడు కట్టడానికి నేను సాయం చేశాను. ఆ సంగతి గుర్తొస్తే నా చేతులు నరుక్కోవాలనిపిస్తోంది.

ఓడ వచ్చింది. అందరూ రేవుకి చేరారు. అకాయితి పెట్టె మీద కూర్చుంది, తువానే పక్కన నిలబడి నేల చూస్తున్నాడు. ఓడ దాకా చేర్చే దింపుడు పడవ వాళ్ళు రమ్మని కేకేస్తున్నారు. అప్పుడు నేను బైబిల్లోంచి నీ ఉత్తరం తీశాను.

"ఇప్పుడేమిటమ్మా ప్రార్థన? ఓడవాళ్ళు ఆగరు," అన్నాడు ఇతిమేరా పెద్దాయన.

"ప్రార్థన కాదు. తమారువా మాట. ఓడ ఆగకపోతే పోనివ్వండి," అన్నాను.

చదివాను. మొత్తం చదివాను. వెనక బల్ల దగ్గరికి వచ్చాక కాగితం మీంచి కళ్ళెత్తి, "ఆ చెయ్యి నాది," అన్నాను. అది కాగితం మీద లేదు, అయినా అన్నాను. ఇతిమేరా పెద్దాయన టోపీ తీసి చేత్తో నలుపుతూ నిలబడ్డాడు. "కీర్తన ఎత్తుకుంది నేనే కదా," అని గొణిగాడు. అంతకంటే ఎక్కువ ఆయన్నుంచి రాదు, నీకు తెలుసు.

అకాయితి ఏడుస్తుందనుకున్నాను. ఏడవలేదు. నా దగ్గరికొచ్చి అడిగింది.

"అత్తయ్యా, నేను మళ్ళీ పడవలో ఆ మాట అంటే తిప్పుతారా?"

"తిప్పుతాను."

"నవ్వులాటకన్నా?"

"నవ్వులాటకంటే తిప్పి, తరవాత నిన్ను తంతాను."

అప్పుడు నవ్వింది. ఆ పిల్లకి ముందు పన్ను కొంచెం వంకరని నేనప్పుడే చూశాను. ఇన్నాళ్ళూ నా ఇంట్లో ఉంది, ఒక్కసారీ నవ్వలేదన్నమాట.

పెట్టె విప్పకుండానే పని మొదలెట్టింది. బోన్లు, మందు ఉండలు కావాలని ఎక్కడెక్కడికో ఉత్తరాలు రాయిస్తోంది. పీతలు తినకుండా వాటిని ఎత్తు మీద ఎలా పెట్టాలని తువానేతో గంటలు గంటలు వాదన. దీవి బాగుపడటానికి ఏళ్ళు పడుతుందంటోంది, బాగుపడకపోవచ్చు కూడా అంటోంది. అబద్ధం చెప్పడం దానికి చేతకాదు.

నీ మీద కోపం ఇంకా పోలేదు. ఒళ్ళు జాగ్రత్త.

తెపాయేరు


రారోతోంగా
డిసెంబర్

అక్కా,

కలం పట్టుకోలేకపోతున్నాను, నర్సు చేత రాయిస్తున్నాను. ఈ పిల్లకి మన పేర్లు రాయడం సరిగ్గా రాదు, సర్దుకో.

నువ్వు చదివావని తెలిశాక కడుపు నిండా అన్నం తిన్నాను. చాలా రోజులైంది అలా తిని. కోపం అలాగే ఉంచుకో, అది లేకపోతే ఆ ఉత్తరం నీదని నమ్మేవాణ్ణి కాదు.

అకాయితికి చెప్పు. దీవికి తూర్పున సముద్రంలో పన్నులా నిలబడ్డ రాయి ఉంది కదా, మధ్యలో ఉరవడి కాలువ. ఆ నీళ్ళు ఎలుక ఈదలేదు. ఆ రాతి బొరియల్లో రెండు మూడు జంటలు ఎప్పుడూ ఉండేవి. అవి మిగిలి ఉంటే దీవికి మళ్ళీ విత్తనం ఉన్నట్టే. ముందు అది చూడమను. పడవలోంచి ఒక్క కొబ్బరి పీచు కూడా ఆ రాతి మీదికి పోకూడదు.

అడగడానికి సిగ్గుగా ఉంది, అయినా అడుగుతున్నాను. అక్కడ తల్లి కూర్చుని ఉంటే, దానికి ఇబ్బంది లేకపోతే, రెండు ఈకలు. ఈసారి కాపరి పడవలో ఉంటుంది కదా, తప్పేం లేదు. దొరికితే వచ్చే విమానానికి పంపు. ఆలస్యం చెయ్యకు. డాక్టరమ్మ వానల గురించి మాట్లాడటం కూడా మానేసింది.

తమారువా


ఎనువాయితి
జనవరి

తమ్ముడూ,

పన్ను రాయికి వెళ్ళాం. అకాయితి ముందు కూర్చుంది, ఒళ్ళో నీ టోపీ పెట్టుకుంది. తువానే మధ్యలో తెడ్ల దగ్గర, నేను వెనక బల్ల మీద. ఎక్కే ముందు తాళ్ళూ సంచులూ అన్నీ దులిపించింది, నా గౌను అంచు కూడా విదిలించమంది. నీకంటే చాదస్తురాలు దొరికింది నీకు.

ఉన్నాయి తమ్ముడూ. రాతి పైన రెండు వెనక్కి ఎగురుతూ కేకలేస్తున్నాయి. ఇంకొంచెం దగ్గరికెళ్ళాక కింది బొరియలో ఒక తల్లి కనిపించింది, తోక బయటికి పెట్టి కూర్చుంది. ఎర్ర ఈకలు రెండూ గాలికి కదులుతున్నాయి. కాలువ ఆ రోజు ఎందుకో శాంతించి ఉంది, అలాంటిది ఏడాదికోసారి వస్తుందన్నాడు తువానే. కళ్ళ మీద కప్పే గుడ్డ అప్పటికే నా చేతిలో ఉంది. ఇంకో నాలుగు తెడ్లు వేస్తే అందేది.

అప్పుడు అకాయితి ఆ మాట అంది. ఈసారి కేక వెయ్యలేదు. మెల్లగా, మా ఇద్దరికీ వినబడేంత మాత్రమే అంది. లంగరు తాడు కింద ఏదో కదిలినట్టుందని చూపించింది.

తువానే నా మొహం చూశాడు. "అమ్మా, ఇంత దగ్గరికొచ్చి? మావయ్య విమానం రేపే," అన్నాడు.

నా కళ్ళు ఆ ఎర్ర ఈకల మీదే ఉన్నాయి. నీ టోపీ ఉత్త మొహం పెట్టుకుని అకాయితి ఒళ్ళో ఉంది. ఆ రోజులాగే నా చెయ్యి పైకి లేచింది, లేచిందని నాకు తెలిసింది. ఆ చేతిని ఒళ్ళో పెట్టుకుని రెండో చేత్తో నొక్కి పట్టాను.

"తిప్పు," అన్నాను.

తిప్పాం. అంత దూరమూ వెనక్కొచ్చాం. ఒడ్డున పడవ బోర్లించి, ఉన్నవన్నీ ఇసుకలో విప్పాం. తాడు కింద ఉన్నది కొబ్బరి పీచు. పొడుగ్గా, గోధుమ రంగుగా, ఒక కొస కొంచెం వంకర తిరిగి. ఎలుక కాదు. అకాయితి ఇసుకలో కూలబడి, "క్షమించండి అత్తయ్యా, క్షమించండి," అని మొదలెట్టింది. నేను దాన్ని తన్నుతానని మాటిచ్చాను కదా. తన్నలేదు. తల నిమిరాను. అప్పుడేడ్చింది, రేవులో ఏడవాల్సిందంతా ఏడ్చింది.

మళ్ళీ వెళ్దామనుకునేలోపు సముద్రం లేచింది. వారం రోజులు పడవ నీళ్ళలో దింపలేకపోయాం. ఈకలు లేకుండానే విమానం వెళ్ళింది.

ఇదంతా నీకు రాసి పోస్టాఫీసుకి పట్టుకెళ్దామనుకున్నాను. అవసరం లేకుండా పోయింది. నిన్నటి విమానంలో నువ్వే వచ్చావు. పెట్టె చిన్నదిగా ఉంది, మోసేవాళ్ళు తేలిగ్గా ఎత్తారు. నాకు అది నచ్చలేదు. ఇతిమేరా పెద్దాయన చర్చి గంట తనే కొట్టాడు. అందరూ పరిగెత్తి వచ్చారు.

రేపు పొద్దున నిన్ను నాన్న పక్కన పెడతాం. టోపీ నేనే పెట్టాలి. నీ నెత్తి మీద పెట్టాక పట్టీలో ఈకలుండే చోట ఈ కాగితాన్ని సన్నగా మడిచి దోపుతాను. పన్ను రాయి మీద తల్లి ఇంకా కూర్చునే ఉంది, దాని తోక దానికే ఉంది. అది తెలిస్తే నువ్విక ఈకలు అడగవు.

కింద సంతకం పెట్టడం లేదు. ఈ చెయ్యి ఎవరిదో నీకు తెలుసు.